ఇంటి పని ఆపేస్తున్నారు, పోలీస్ ప్రొటెక్షన్ ఎలా తీసుకోవాలి? (అర్జెంట్)

శివారు_శీను
అందరికీ నమస్తే. ఇక్కడ చదవడమే గానీ ఎప్పుడూ రాయలేదు, కొంచెం పొడుగైతే ఏమనుకోకండి. హైదరాబాద్ శివారులో, ఔటర్ లోపలే, మా నాన్నగారు 2006లో 200 గజాల ప్లాటు కొన్నారు. రిజిస్టర్డ్ సేల్ డీడ్ ఉంది, ఈసీలో (రిజిస్ట్రేషన్ ఆఫీసు ఇచ్చే లావాదేవీల చిట్టా) మా పేరే ఉంది, ఎల్ఆర్ఎస్ (లేఅవుట్ క్రమబద్ధీకరణ) ఫీజు కూడా కట్టేశాం. పాత గ్రామ పంచాయతీ లేఅవుట్. ఇన్నేళ్లూ చుట్టూ రాతి కడీలు పాతి తీగ చుట్టి వదిలేశాం, ఏడాదికోసారి వెళ్లి తుమ్మ చెట్లు కొట్టించి వచ్చేవాళ్లం, అంతే.

మొన్న ఇల్లు మొదలుపెట్టాం. ముగ్గు పోసి, పన్నెండు గుంటలు తీసి, ఏడింటికి బెడ్ వేశాక ఒక రోజు పొద్దున్నే రెండు బైకులు, ఒక కారు వచ్చాయి. ఈ ప్లాటు మాది, మా దగ్గర జీపీఏ (అసలు ఓనరు ఇచ్చిన పవర్ ఆఫ్ అటార్నీ) ఉంది, పని ఆపు అన్నారు. మేస్త్రీ ఫోన్ లాక్కున్నారు. మూడు గుంటల్లోకి మట్టి తోసేశారు. నేను ఆఫీసు నుంచి వెళ్లేసరికి లేబర్ అంతా గమేళాలు సర్దుకుని రోడ్డు మీద నిలబడి ఉన్నారు. స్టేషన్‌కి వెళ్తే ఎస్‌ఐ గారు కాగితాలు రెండు నిమిషాలు తిరగేసి "ఇది సివిల్ మ్యాటర్, కోర్టుకు పోండి" అన్నారు. పిటిషన్‌కి రసీదు కూడా ఇవ్వలేదు. ఇంటి లోను పాస్ అయి ఉంది, సిమెంటు బస్తాలు పక్కింటి షెడ్డులో ఉన్నాయి, టెన్షన్‌తో నిద్ర లేదు. పని జరిగినన్ని రోజులు ఇద్దరు కానిస్టేబుళ్లను పెట్టించుకోవచ్చా? డబ్బు కట్టమన్నా కడతాను. ఎవరికి అప్లికేషన్ పెట్టాలి?

బే_ఏరియా_బావ
వీడియో తీసి సీఎం ఆఫీసుని ట్యాగ్ చేసి పెట్టు. అరగంటలో కదులుతారు.

సెంట్రింగ్_సాంబ
ట్యాగ్ తర్వాత చేద్దాం. శీను అన్నా, సేల్ డీడ్ రాశావు, ఈసీ రాశావు, ఎల్ఆర్ఎస్ రాశావు, గుంటల లెక్క కూడా రాశావు. ఇంటి పర్మిషన్ నంబరు ఒక్కటి రాయలేదేంటి?

శివారు_శీను
సాంబ గారూ, అదే చెప్దామనుకున్నా. అప్లై చేశాం. మా ప్లాను గీసిన ఆయన ఆన్‌లైన్‌లో పెట్టారు, లింకు డాక్యుమెంటు (మాకు అమ్మినవాళ్ల పాత దస్తావేజు) సరిగా కనబడటం లేదని షార్ట్‌ఫాల్, అంటే కాగితాలు సరిపోలేదన్న నోటీసు, వచ్చింది, మళ్లీ అప్‌లోడ్ చేయాలి. ఈలోగా మూఢం వచ్చేస్తుందని అమ్మ ఒకటే పోరు. ముందు శంకుస్థాపన చేసేసి గుంటలు తీయించండి, కాగితం వెనక వస్తుంది అంది. మేస్త్రీ కూడా బేస్‌మెంట్ దాకా ఎవరూ అడగరు సార్ అన్నాడు.

సెంట్రింగ్_సాంబ
అడిగారుగా.

రిటైర్డ్_హెడ్డు
నేను 33 ఏళ్లు పోలీసు డిపార్ట్‌మెంట్‌లో చేసి హెడ్ కానిస్టేబుల్‌గా దిగిపోయాను. స్టేషన్‌లో టేబుల్‌కి అవతలివైపు నుంచి ఇది ఎలా కనిపిస్తుందో చెప్తాను, కోపం తెచ్చుకోకు బాబూ.

ప్లాటు తగాదా అనగానే ఎస్‌ఐకి ముందు భయం వేస్తుంది. ఎవరి ప్లాటో తేల్చే అధికారం స్టేషన్‌కి లేదు, సివిల్ తగాదాల్లో పోలీసులు తలదూర్చొద్దని హైకోర్టు చాలాసార్లు తిట్టింది కూడా. ఒకరి పక్షాన నిలబడి దగ్గరుండి ఇల్లు కట్టిస్తే రేపు అవతలివాడు సెటిల్‌మెంట్ చేశాడని పైకి కాగితం పెడతాడు, అక్కడితో మెమో. అందుకే "సివిల్ మ్యాటర్" అన్న మాట నోట్లో రెడీగా ఉంటుంది. సగం నిజం, సగం తప్పించుకోవడం.

తప్పించుకునే ఆ సగాన్ని నువ్వు మూయాలి. నీ పిటిషన్‌లో ఏం రాశావో నేను చూడకుండానే చెప్తాను: "మా ప్లాటును కబ్జా చేయాలని చూస్తున్నారు, నాకు న్యాయం చేయండి, రక్షణ కల్పించండి." అవునా? అలా రాస్తే అది సివిలే. ఫలానా తేదీ, ఉదయం ఇన్ని గంటలకు, ఇంతమంది, ఈ బండి నంబర్లతో మా కడీల లోపలికి వచ్చారు, మేస్త్రీని అడ్డగించి ఫోన్ లాక్కున్నారు, తీసిన గుంటలు పూడ్చి నష్టం చేశారు అని రాస్తే అది వేరు. ఐపీసీ బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌లో అక్రమంగా అడ్డగించడం 126, బెదిరింపు 351, ఆస్తికి నష్టం 324, అక్రమ ప్రవేశం 329. డబ్బు ఇస్తే వదిలేస్తాం అన్నారా? అంటే 308. సెక్షన్లు నువ్వు రాయనక్కర్లేదు, జరిగింది రాయి చాలు. మేస్త్రీ చేత విడిగా ఒక పిటిషన్ పెట్టించు, ఫోన్ పోయింది అతనిది. తీసుకోకపోతే రిజిస్టర్డ్ పోస్టులో పై ఆఫీసర్‌కి పంపు, బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్పీసీ బదులు వచ్చింది) 173(4) అదే చెప్తుంది. మళ్లీ వస్తే ముందు 100కి డయల్ చెయ్యి, కాల్ రికార్డులో పడుతుంది.

ఇంకోటి. మీ బావమరుదులను తీసుకెళ్లి కర్రలు పట్టుకుని కాపలా కాయొద్దు. అప్పుడు రెండు పార్టీలనూ బైండోవర్ చేస్తారు, అంటే గొడవ చేయమని పూచీకత్తు రాయించుకుంటారు. ఇంకా ముదిరితే అదే చట్టం 164 కింద, పాత సీఆర్పీసీ 145, ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ దగ్గరికి పోతుంది, స్థలం అటాచ్ అయితే, అంటే సర్కారు అదుపులోకి పోతే, నువ్వూ లోపలికి పోలేవు. వాళ్లకు కావాల్సింది అదే. వాళ్లు కట్టుకోవడానికి రాలేదు, నిన్ను కట్టకుండా ఆపి బేరానికి రప్పించడానికి వచ్చారు.

కూకట్‌పల్లి_కింగ్
ఇవన్నీ కథలు బ్రో. మా ఏరియాలో ఒక అన్న ఉన్నాడు, పది మంది కుర్రాళ్లను స్లాబ్ అయ్యేదాకా పెడతాడు. నంబర్ ఇక్కడ పెడతా

అడ్మిన్
పై పోస్టులో నంబర్ తీసేశాం. ఇంకోసారి పెడితే ఐడీ కూడా తీసేస్తాం.

ప్లీడరుగారి_గుమాస్తా
హెడ్డుగారు పోలీసుల వైపు చెప్పేశారు, నేను కోర్టు వరండా వైపు చెప్తాను. రోజూ ఇవే ఫైళ్లు మోస్తాను కాబట్టి.

"పోలీస్ ప్రొటెక్షన్" అని జనం ఒకే మాటగా అంటారు గానీ అందులో రెండు దారులు ఉన్నాయి. మొదటిది, సివిల్ కోర్టులో ఇంజంక్షన్ సూటు (అవతలివాళ్లు అడ్డురావొద్దని ఆర్డర్ అడిగే దావా) వేసి, దాంట్లోనే ఐఏ, అంటే మధ్యంతర అర్జీ, పెట్టి టెంపరరీ ఇంజంక్షన్ (సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39, రూల్స్ 1, 2) తెచ్చుకోవడం. ఆ ఆర్డర్ ఉన్నా అవతలివాళ్లు వస్తే, అదే కోర్టులో సెక్షన్ 151 కింద పోలీస్ ఎయిడ్ పిటిషన్. ఇంజంక్షన్ అమలుకు పోలీసు సాయం ఇమ్మని సివిల్ కోర్టే చెప్పొచ్చని మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎప్పుడో తేల్చింది, 1971 ఏఐఆర్ తీర్పుల పుస్తకంలో ఉంది, ఇప్పటికీ మా ప్లీడరుగారు దాన్నే చూపిస్తారు. ఆర్డర్ మీరినవాళ్లను రూల్ 2ఏ కింద మూడు నెలల దాకా సివిల్ జైలుకు పంపొచ్చు, అది వేరే పిటిషన్.

రెండోది హైకోర్టులో రిట్, అంటే పోలీసులు వాళ్ల డ్యూటీ చేసేలా ఆదేశించమని నేరుగా వేసే పిటిషన్. అందరికీ ఇదే కావాలి, తొందరగా అవుతుందని. కానీ శీనుగారూ, మీ పరిస్థితిలో ఇప్పుడు రిట్ వేస్తే ఏమవుతుందో ఊహించుకోండి. జడ్జిగారు మొదటి ప్రశ్నే "పర్మిషన్ కాపీ ఎక్కడ?" అంటారు. మీ ప్లీడరు గొంతు సవరించుకుంటాడు. మున్సిపాలిటీ తరఫు లాయరు లేచి, అనుమతి లేకుండా కడుతున్నారు, నోటీసు ఇస్తాం అంటాడు. పర్మిషన్ లేకుండా గుంటలు తీశానని మీరే అఫిడవిట్‌లో సంతకం పెట్టి ఇచ్చినట్టవుతుంది. చట్టం లెక్కలో ఇంకా మొదలుపెట్టకూడని పనికి కాపలా పెట్టమని ఏ కోర్టూ చెప్పదు. అవతలివాడి జీపీఏ దొంగదే కావచ్చు, మీ తవ్వకం కూడా దొంగ తవ్వకమే.

నల్లగొండ_నర్సి
ఇది మాత్రం అన్యాయం. మా కాలనీలో వంద ఇళ్లుంటే సగానికి పైగా పర్మిషన్ లేకుండా లేచినయ్. ఉన్నోళ్లు కూడా జీ ప్లస్ వన్ అని తీసుకుని ఐదంతస్తులు వేసిండ్రు. వాళ్లను ఎవరూ ఆపరు, ఈయన గుంటలు తీస్తే తప్పు దొరికిందా?

ప్లీడరుగారి_గుమాస్తా
నర్సిగారూ, వాళ్లను ఎవరూ ఆపలేదు కాబట్టి వాళ్లు పోలీసులను అడగలేదు. ఈయన అడుగుతున్నాడు. అడిగేవాడి కాగితాలనే ముందు చూస్తారు.

బెజవాడ_వనజ
శీను తమ్ముడూ, మాది ఆంధ్రా వైపు, మా పోర్టల్ వేరు, అయినా నా గొడవ నీ గొడవలాంటిదే కాబట్టి చెప్తున్నా. 2019లో కట్టాం. పక్క స్థలం ఆయన మా గోడ తన వైపు అడుగున్నర వచ్చిందని పిల్లర్ల దాకా ఊరుకుని సరిగ్గా స్లాబ్ రోజున వచ్చేవాడు. స్లాబ్ రోజే ఎందుకో కట్టినవాళ్లకు తెలుసు. మిల్లరు, లిఫ్టు, ముప్పై మందికి పైగా లేబర్, పొద్దున ఆరింటికి టెంకాయ కొడితే సాయంత్రం దాకా ఆగకూడదు. మధ్యలో ఆపితే అక్కడ జాయింట్ పడుతుంది, జన్మంతా ఆ గీత దగ్గర నీరు కారుతుంది. ఒకసారి అలాగే ఆపించాడు, కలిపిన మాలు గట్టిపడిపోతుంటే మా ఆయన చేతులతో తీసి పారబోయడం నా కళ్లతో చూశాను.

అప్పుడు ఇంజంక్షన్, దాని మీద పోలీస్ ఎయిడ్ తెచ్చుకున్నాం. మాకు పర్మిషన్ ఉంది, ప్లాను ఉంది, సర్వేయరు కొలిచి ఇచ్చిన స్కెచ్ ఉంది. స్లాబ్ రోజు ఇద్దరు కానిస్టేబుళ్లు వచ్చారు. వేపచెట్టు కింద రెండు ప్లాస్టిక్ కుర్చీలు వేశాం, మజ్జిగ ఇచ్చాం, సాయంత్రం దాకా ఫోన్లు చూసుకుంటూ కూర్చున్నారు. ఆయన వీధి మలుపు దాకా వచ్చి, ఖాకీ చొక్కా చూసి వెనక్కి తిరిగాడు. అంతే, ఇంకేం జరగలేదు. ఆ "ఏం జరగకపోవడం" కోసం ఎనిమిది నెలలు తిరిగాను నేను.

ఒక మాట చెప్పనా, పర్మిషన్ ఉన్నంత మాత్రాన పని ఆపేవాళ్లు ఆగిపోరు. పర్మిషన్ చూపిస్తే మా పక్కాయన నవ్వాడు. కానీ అది లేకపోతే నువ్వు అసలు ఆటలోకే రాలేవు.

శివారు_శీను
వనజక్కా, గుమాస్తా గారూ, హెడ్డుగారూ, చాలా థ్యాంక్స్. పిటిషన్‌లో నేను రాసింది అచ్చం హెడ్డుగారు చెప్పిన వాక్యమే, చదివి నాకే సిగ్గేసింది. ఇప్పుడు డౌట్లు: తీసిన గుంటలు ఏం చేయాలి? పర్మిషన్ ఎన్ని రోజుల్లో వస్తుంది? అది వచ్చాక ప్లాటు మాదేనని తేలినట్టేనా?

సెంట్రింగ్_సాంబ
గుంటలు అలాగే వదిలెయ్, ఒక్క తట్ట కూడా కొత్తగా వేయకు. చుట్టూ తాడు కట్టు, పిల్లలు పడతారు. వాన వస్తే ఎలాగూ మట్టి జారుతుంది, మళ్లీ తీయాల్సిందే, ఆ ఖర్చు మూఢం ఖాతాలో రాసుకో.

పర్మిషన్ సంగతి. ఆన్‌లైన్ పోర్టల్‌ని టీజీ-బీపాస్ అనండి, బిల్డ్‌నౌ అనండి, పద్ధతి 2020 చట్టం నుంచి దాదాపు ఇదే. 75 గజాల లోపు, ఏడు మీటర్ల ఎత్తు లోపు అయితే పర్మిషన్ అక్కర్లేదు, రూపాయి కట్టి రిజిస్టర్ చేసుకుంటే చాలు. నీది 200 గజాలు, పది మీటర్ల ఎత్తు లోపు కడితే సెల్ఫ్ సర్టిఫికేషన్ కింద ఇన్‌స్టంట్ పర్మిషన్ వస్తుంది. 500 చదరపు మీటర్ల దాకా ఇదే దారి. ఆపై అయితే సింగిల్ విండో, 21 రోజులు. అంటే నీకు అడ్డం పడింది ఆఫీసు కాదు, మసక స్కాన్ ఒకటి. ఆ లింకు డాక్యుమెంటు సర్టిఫైడ్ కాపీ తెచ్చి శుభ్రంగా స్కాన్ చేసి పెట్టు. పర్మిషన్ వచ్చాక పని మొదలుపెడుతున్నట్టు నోటీసు ఆన్‌లైన్‌లో ఇవ్వడం మర్చిపోకు.

కానీ ఇన్‌స్టంట్ అని ఎగరొద్దు. సంతకం నీది. ఈ స్థలం నాదే, ప్లాను ప్రకారమే కడతాను అని నువ్వే రాసిస్తావు. అబద్ధమని తేలితే నోటీసు కూడా లేకుండా కూల్చేసే అధికారం ఆ చట్టంలోనే పెట్టుకున్నారు. పక్కల వదలాల్సిన మీటరు దగ్గర ఎవరూ చూడరులే అని జరపొద్దు, ఇప్పుడు నిన్ను చూసేవాళ్లు ఉన్నారు.

ప్లీడరుగారి_గుమాస్తా
మూడో డౌటుకు జవాబు: తేలినట్టు కాదు. పర్మిషన్ ప్రొసీడింగ్స్ కింద షరతుల్లోనే ఉంటుంది, ఈ అనుమతి యాజమాన్య హక్కు ఇవ్వదని. మున్సిపాలిటీ పైపైన చూస్తుంది, కాగితం మీ పేరున ఉందా, స్థలం మీ చేతిలో ఉందా అని, అంతే. పైగా అవతలివాళ్లు వెళ్లి తప్పుడు సమాచారంతో తీసుకున్నారు, రద్దు చేయండి అని అర్జీ పెట్టొచ్చు. జీహెచ్‌ఎంసీ చట్టంలో 450 సెక్షన్ అందుకే ఉంది. ఆ అర్జీ రాకముందే మీ ఫైలు గట్టిగా ఉండాలి.

ఇప్పుడు చెప్పేది జాగ్రత్తగా చదవండి. వాళ్లు మీకంటే ముందు కోర్టుకు పోవచ్చు. మీకు తెలియకుండా, మీ మాట వినకుండానే ఇచ్చే ఎక్స్‌పార్టే ఆర్డర్ తెచ్చుకుంటే పని ఆగిపోతుంది. అందుకని ఈ వారమే కేవియట్ (మా మాట వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని కోర్టుకు ముందే ఇచ్చే అర్జీ) వేయండి, సివిల్ ప్రొసీజర్ కోడ్ 148ఏ, 90 రోజులు పనిచేస్తుంది. వాళ్ల పేర్లు, అడ్రసులు కావాలి, అందుకే వాళ్లు చూపించే జీపీఏకి ఫొటో తీసుకోండి. వాళ్లు ఆ జీపీఏ ఒక్కటే నమ్ముకుంటే స్థలం వాళ్లది కాదు, జీపీఏతో, అగ్రిమెంటుతో యాజమాన్యం రాదని సుప్రీంకోర్టు 2011లోనే చెప్పింది. కానీ దాని వెనక పాత రిజిస్టర్డ్ డీడ్ ఉంటే కథ మారుతుంది. శివార్లలో ఒకే సర్వే నంబరులో రెండు లేఅవుట్లు గీసి, ఒకే నేలను రెండు ప్లాటు నంబర్లతో అమ్మిన సంగతులు నేనే బోలెడు చూశాను. మీది అలాంటిదైతే ఉత్త ఇంజంక్షన్ సూటు సరిపోదు, డిక్లరేషన్, అంటే ఓనర్ని నేనేనని కోర్టు ప్రకటించడం, కూడా అడగాలి. 2008లో సుప్రీంకోర్టు ఈ తేడా విడమర్చి చెప్పింది ఒక వరంగల్ కేసులోనే.

ఇంకా భయపడాల్సిన మాట ఒకటి ఉంది, స్టేటస్ కో. ఇద్దరూ ఎక్కడున్నవాళ్లు అక్కడే ఉండండి అని జడ్జిగారు రాస్తే వినడానికి బాగుంటుంది, కట్టేవాడికి మాత్రం అది ఓటమే. అవతలివాడికి పోయేదేం లేదు, ఈఎంఐ మీది. అది రాకుండా చూసుకోవాలంటే స్థలం మీ స్వాధీనంలో ఉందని మొదటి రోజే కనబడాలి. కడీలు పాతిన బిల్లు, తుమ్మలు కొట్టిన ఫొటోలు, ఖాళీ స్థలం పన్ను రసీదులు, పక్క ప్లాటువాళ్ల అఫిడవిట్. తర్వాత అడ్వొకేట్ కమిషనర్‌ని (స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి కోర్టు పంపే లాయరు) వేయించి సర్వేయరుతో కొలిపించుకోవచ్చు. మే నెల సెలవుల ముందే దాఖలు చేయండి, లేదంటే జూన్ దాకా వెకేషన్ కోర్టు చుట్టూ తిరగాలి.

డల్లాస్_దంపతులు
మాలాంటివాళ్ల కోసం ఒక ముక్క. మీరు విదేశంలో ఉండి తమ్ముడికో మామగారికో పవర్ ఇస్తుంటే, కాన్సులేట్‌లో అటెస్ట్ చేయించినదాన్ని ఇండియాకి చేరిన మూడు నెలల్లోపు స్టాంపు వేయించాలి. మేం అది డ్రాయర్‌లో పెట్టి మర్చిపోయాం. మా మామగారు దాన్ని పట్టుకుని స్టేషన్‌కి, కోర్టుకి వెళ్తే రెండు చోట్లా పక్కన పెట్టేశారు.

శివారు_శీను
అప్‌డేట్ ఇస్తానని మాటిచ్చాను కదా. ఐదు వారాలైంది. సర్టిఫైడ్ కాపీ పెట్టిన తర్వాతి రోజే పర్మిషన్ వచ్చింది, జీ ప్లస్ టూ. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆ ఒక్క రోజు ఆగి ఉంటే సగం గొడవ ఉండేది కాదు. కేవియట్ వేశాం, సూటు కూడా వేశాం. మేస్త్రీ విడిగా పెట్టిన పిటిషన్ మీద ఎఫ్‌ఐఆర్ అయింది, ఫోన్ తిరిగి ఇచ్చేశారు, స్క్రీన్ పగిలి ఉంది. గుమాస్తా గారు అన్నట్టే అయింది, వాళ్ల లేఅవుట్ వేరు, సర్వే నంబరు ఒకటే. వాళ్ల ప్లాటు అసలు రోడ్డుకి అవతల వస్తుందని మా సర్వేయరు అంటున్నాడు, మా సర్వేయరు కాబట్టి అలా అంటున్నాడా అన్నది కోర్టు చూస్తుంది.

బెజవాడ_వనజ
పక్క ప్లాటువాళ్ల అఫిడవిట్ తీసుకున్నావా తమ్ముడూ?

శివారు_శీను
తీసుకున్నా అక్కా. 2011లో మా కడీలకే తన గేదెను కట్టేసేవాడినని రాసిచ్చాడు పెద్దాయన. మా ప్లీడరు అది చదివి తెగ సంబరపడ్డారు.

శివారు_శీను
ఇంకో అప్‌డేట్. ఇంజంక్షన్ ఇచ్చారు. వాళ్లు కోర్టులో వేసిన జవాబులో నేను పర్మిషన్ రాకముందే తవ్వానని రాశారు, జడ్జిగారు అదీ అడిగారు. అవును తవ్వాం, గొడవ అయిన రోజే ఆపేశాం, పర్మిషన్ తేదీ తర్వాతే మళ్లీ మొదలుపెట్టాం అని ఒప్పేసుకున్నాం. ఆర్డర్ కాపీ, పర్మిషన్, ప్లాను మూడూ కలిపి స్టేషన్‌లో ఇస్తే ఈసారి రసీదు ఇచ్చారు, అదే ఎస్‌ఐ గారు టీ కూడా ఇప్పించారు. ఒకసారి బైకు మీద ఇద్దరు వచ్చారు, 100కి కొట్టాం, పెట్రోలింగ్ బండి వచ్చి ఆర్డర్ చదివి వాళ్లను పంపేసింది. పోలీస్ ఎయిడ్ పిటిషన్ ఇప్పటిదాకా అవసరం పడలేదు. పిల్లర్లు లేచాయి, సెంట్రింగ్ కూడా అయిపోయింది. మొదటి స్లాబ్ అనంత చతుర్దశి రోజున పెట్టాం, అమ్మ మంచి రోజు అంది. హెడ్డుగారూ, ఆ రోజు ఒక కానిస్టేబుల్‌ని పంపమని ఎన్ని రోజుల ముందు లెటర్ ఇవ్వాలి?

రిటైర్డ్_హెడ్డు
బాబూ, ఆ రోజు హైదరాబాద్‌లో గణేష్ నిమజ్జనం. స్టేషన్‌లో సెంట్రీ, రైటరు తప్ప మనిషి మిగలడు, పక్క జిల్లాల నుంచి కూడా బందోబస్తుకు పిలిపిస్తారు. నువ్వు నెల ముందు ఇచ్చినా ఎవరూ రారు.

సెంట్రింగ్_సాంబ
లేబర్ కూడా దొరకరు అన్నా. మిల్లరు ట్రాక్టర్‌కి పూలదండలేసి వినాయకుణ్ని ఎక్కించుకుని పోతారు.

శివారు_శీను
అయ్యో. సరే, అమ్మకు నేను చెప్తా. ఆ పై గురువారానికి మారుస్తున్నాం, లెటర్ సోమవారం ఇస్తాను.